డాబా మీద నొంగ్‌క్రొంగ్: అరకు కాఫీ, తాటి బెల్లంతో జకార్తా సాయంత్రం

ఇండొనేషియా కుర్రకారు రోజూ తాగే 'ఎస్ కొపి సుసు గుల ఆరెన్' విశాఖలో చేసుకోవడానికి దేశం బయటి నుంచి తెప్పించాల్సిన సరుకు ఒక్కటీ లేదు. పేరు విడదీసి చూడండి. ఎస్ అంటే ఐసు, కొపి కాఫీ, సుసు పాలు, గుల ఆరెన్ అంటే ఆరెన్ చెట్టు బెల్లం. మన గుడాన్నంలోని గుడమే సముద్రం దాటి అక్కడ గుల అయింది. ఆన్‌లైన్‌లో ఈ పేరుతో అమ్మే సీసాల్లో కొన్నిటిలో ఉండేది పంచదార పాకం, రంగు, వాసన కలిపే ద్రావకం. వాటికి డబ్బు పెట్టకండి. దీనికి కావలసిన అసలు సరుకు పూర్ణా మార్కెట్‌లోనో రైతు బజారు దగ్గరో తాటి బెల్లం అమ్మేవాళ్ల బుట్టలో ఉంటుంది.

ఈ కాఫీ పుట్టుకలోనే ఆ పొదుపు ఉంది. 2015లో దక్షిణ జకార్తాలో చిపెతె అనే పేటలో తుకు అనే చిన్న దుకాణం తెరిచారు. అక్కడి ఐసు కాఫీకి 'తెతంగ్గ' అని పేరు పెట్టారు, అంటే 'ఇరుగుపొరుగు'. పెద్ద బ్రాండ్ల షాపుల్లో కప్పుకి అయ్యే ఖర్చులో దాదాపు సగానికే, ఊరి బెల్లంతో, ఊరి కాఫీతో ఇచ్చారు. 2017లో అప్పటి దేశాధ్యక్షుడు జోకో విడోడో స్వయంగా వచ్చి కొనుక్కున్నాక దాని పేరు మోగిపోయింది. అదే ఏడాది కొపి కెనాంగన్ మొదలైంది, మరుసటి ఏడాది మరికొన్ని. ఇప్పుడు ఆ దేశంలో కాలేజీ పిల్లల చేతిలో ఈ గ్లాసు కనిపించని ఊరు లేదు.

గ్లాసు ఒక సాకు. అసలు పని నొంగ్‌క్రొంగ్. ఆ మాటకి గొంతుక్కూర్చోవడం అని అర్థం. రోడ్డు పక్క గొంతుక్కూర్చుని నలుగురూ కబుర్లాడుకునే అలవాటే పేరై స్థిరపడింది. మన అరుగు మీద పిచ్చాపాటీకి దగ్గరి చుట్టం. ఇక్కడ చెప్పేది ఆరుగురు కూర్చునే ఒక సాయంత్రానికి లెక్క. ఆరుగురికి తొమ్మిది గ్లాసులు వేసుకోండి, ఎందుకంటే సగం మంది రెండోది అడుగుతారు.

బెల్లం

ఆరెన్ చెట్టు మన వైపు సాగులో లేదు. దాని దగ్గరి బంధువు మాత్రం మన మన్యంలోనే ఉంది: జీలుగు. వృక్షశాస్త్రం ప్రకారం రెండూ ఒకే తెగకి చెందిన చెట్లు. పాడేరు, అరకు వైపు వెళ్లినప్పుడు జీలుగు నీరా కాచి చేసిన బెల్లం ఎవరైనా చూపిస్తే వదులుకోవద్దు. అది దొరకడం అరుదు కాబట్టి లెక్కలన్నీ తాటి బెల్లంతోనే.

మంచి తాటి బెల్లాన్ని విరిచి చూస్తేనే తెలుస్తుంది. విరిగిన చోట ముదురు గోధుమ రంగు, మెత్తగా, కొంచెం నూనె పూసినట్టు ఉండాలి. ముక్కు దగ్గర పెట్టుకుంటే పొయ్యి పొగ వాసన, నాలుక మీద వేసుకుంటే తీపి వెనకాలే సన్నటి ఉప్పదనం రావాలి. విరిచిన చోట పంచదార పలుకులు తళుక్కుమంటే అందులో పంచదార కలిసిందని అనుమానించాలి. పట్టుకోగానే పుల్లటి వాసన వేస్తే అది పాతబడి చెమ్మ పట్టి పులవడం మొదలైంది. విశాఖ గాలిలో ఉండే తేమకి తాటి బెల్లం ఊరికే కరిగి జిగటవుతుంది. అది తప్పు కాదు, పులుపే తప్పు. పులిసిన బెల్లం పాలని విరిచేస్తుంది.

తాటి బెల్లం అందకపోతే అనకాపల్లి బెల్లంతో చెయ్యొచ్చు. తీపి వస్తుంది గానీ పొగవాసన రాదు. ఆ ఉప్పదనం కోసం 200 గ్రాములకి రెండు చిటికెల ఉప్పు ఎక్కువ వేసుకోండి. అప్పుడు అది వేరే కాఫీ అవుతుంది, బాగానే ఉంటుంది, ఆ పేరు మాత్రం దానికి చెల్లదు.

పాకం, ముందు రోజే

200 గ్రాముల బెల్లం చితక్కొట్టి 150 మి.లీ. నీళ్లలో వేసి సన్న సెగ మీద పెట్టండి. కలపకుండా కరగనివ్వండి. కరిగాక దించి పది నిమిషాలు కదపకుండా ఉంచాలి. నీరా పులవకుండా కుండలకి సున్నం పూస్తారు కదా, ఆ సున్నం, ఇసుక, తాటి పీచు అన్నీ అప్పుడు అడుక్కి దిగుతాయి. పైది మాత్రం పల్చటి గుడ్డలో వడగట్టి, అడుగున ఉన్న రెండు చెంచాల మడ్డి పారబోయండి. పిండితే మడ్డి కూడా దిగిపోతుంది, కాబట్టి గుడ్డని పిండొద్దు.

వడగట్టినదాన్ని చిటికెడు ఉప్పుతో మళ్లీ పొయ్యి మీద పెట్టి ఏడెనిమిది నిమిషాలు మరగనివ్వాలి. అక్కడ ఈ దశలో పాండాన్ ఆకు ముడివేసి వేస్తారు. అది మొగలి కుటుంబం మొక్కే, నర్సరీల్లో బాస్మతి ఆకు మొక్క అని అడిగి చూడండి. దొరికితే ఒక ఆకు చాలు. దొరకలేదని మొగలి అత్తరు నీళ్లు మాత్రం పోయొద్దు. కాఫీ పోయి పన్నీరు సోడా అవుతుంది.

ఎప్పుడు దించాలన్న దగ్గరే చాలామంది తప్పు చేస్తారు. మనకి అరిసెల చెయ్యి అలవాటు కాబట్టి పాకం అనగానే తీగ కోసం చూస్తాం. ఇక్కడ తీగ వచ్చిందంటే దాటిపోయినట్టే, చల్లారాక ఐసు తగలగానే గ్లాసు అడుగున రాయిలా పట్టేస్తుంది. గరిటె వెనక వేలితో గీత గీస్తే ఆ గీత రెండు క్షణాలు నిలిచి మెల్లగా కలిసిపోవాలి. అంతే. వేడిగా ఉన్నప్పుడు పల్చగా అనిపిస్తుంది, చల్లారాక తేనెకంటే కొంచెం పల్చగా నిలుస్తుంది. ముదిరిపోతే రెండు చెంచాల వేడినీళ్లు పోసి కలపండి. సుమారు 225 మి.లీ. వస్తుంది, గ్లాసుకి 25 చొప్పున తొమ్మిదింటికి సరి. తడి లేని గాజు సీసాలో ఫ్రిజ్‌లో రెండు వారాలు ఉంటుంది.

సీసాలో పోసే ముందు ఒక పరీక్ష. చెంచాడు పాకం రెండు చెంచాల గోరువెచ్చని పాలలో కలిపి ఐదు నిమిషాలు చూడండి. పలుకులు పలుకులుగా విరిగితే ఈ పాకం పాల కాఫీకి పనికిరాదు, పాలు లేని కాఫీలో వాడుకోండి. ఆరుగురు వచ్చి కూర్చున్నాక విరగడం కంటే చెంచాలో విరగడం నయం.

కాఫీ

జావాకి కాఫీ మొక్క మొదట వెళ్లింది మన మలబారు తీరం నుంచే, 1696లో, డచ్చివాళ్ల ఓడల్లో. ఇప్పుడు ఆ దేశంలో ఎక్కువ పండేది రోబస్టా. ఘాటు, చేదు ఎక్కువ, బెల్లాన్నీ పాలనీ తట్టుకుని నిలబడుతుంది. మన అరకుది అరబికా. దానికి 2019లో భౌగోళిక గుర్తింపు వచ్చింది. సువాసన గొప్పది, ఘాటు తక్కువ. అందుకే లెక్కలో రెండు మార్పులు: బాగా ముదరగా వేయించిన గింజ తీసుకోవాలి, డికాషన్ చిక్కగా దించాలి. లేతగా వేయించిన ఖరీదైన అరకు కాఫీ ఇందులో పోస్తే వృథా. బెల్లం కింద దాని పళ్ల రుచి కనపడకుండా పోతుంది, మిగిలేది పులుపే.

గిరిజన సహకార సంస్థ ప్రధాన కార్యాలయం విశాఖలోనే ఉంది, వాళ్ల దుకాణాల్లో అరకు కాఫీ పొడి దొరుకుతుంది. కొనేటప్పుడు ప్యాకెట్ మీద చికోరీ శాతం చదవండి. ఈ కాఫీకి చికోరీ లేనిదే కావాలి. చికోరీ చిక్కదనం ఇస్తుంది గానీ తాటి బెల్లం పొగవాసన మీద కూర్చుంటుంది.

ఇంట్లో ఉన్న స్టీలు ఫిల్టరే చాలు. 30 గ్రాముల పొడి పై గిన్నెలో వేసి, నొక్కుడు పళ్లెంతో బరువు పెట్టకుండా చదును చెయ్యండి. మరిగి అర నిమిషం ఆగిన నీళ్లు 20 మి.లీ. చుట్టూ తిప్పి పోయండి, పొడి ఉబ్బుతుంది. అర నిమిషం తర్వాత మిగిలిన 130 మి.లీ. పోయండి. పాతిక నిమిషాల్లో 90 మి.లీ. డికాషన్ దిగాలి, రెండు గ్లాసులకి సరిపోతుంది. తొమ్మిది గ్లాసులకి మొత్తం 135 గ్రాముల పొడి, 675 మి.లీ. నీళ్లు. చిన్న ఫిల్టర్ అయితే విడతలు విడతలుగా దించుకోండి. ఒకేసారి కుక్కితే నీళ్లు పొడిలోంచి కాకుండా పక్కల నుంచి జారిపోతాయి.

ఐదు నిమిషాల్లోనే కారిపోయిందంటే పొడి మరీ బరకగా ఉంది, లేదా సరిగా పరవలేదు. దాన్ని మళ్లీ అదే పొడి మీద పోస్తే చేదెక్కుతుంది తప్ప చిక్కబడదు. అసలు దిగకపోతే పొడి మరీ మెత్తనిది, రంధ్రాలు పూడుకున్నాయి. పక్కన చెంచాతో మెల్లగా తట్టండి. ఫిల్టర్ రంధ్రాలు నెలకోసారి పొయ్యి సెగ మీద కాల్చి దులిపితే ఈ బాధ ఉండదు.

డికాషన్ గది వేడికి చల్లారాకే వాడాలి. వేడిది పోస్తే ఐసు సగం కరిగి నీళ్ల కాఫీ అవుతుంది. మధ్యాహ్నం దించితే సాయంత్రానికి సరి. రేపటికి దాచొద్దు.

పాలు, ఐసు

ఇది మనవాళ్లకి కొంచెం మింగుడుపడదు: మీగడ ఎక్కువున్న ఫుల్ క్రీమ్ పాలు ఇక్కడ మంచివి కావు. ప్యాకెట్ పాలు కాచి చల్లారిస్తే 6 శాతం వెన్న తరకలు కట్టి ఐసు మీద తేలుతుంది, స్ట్రాలో అడ్డుపడుతుంది. 3 నుంచి 4.5 శాతం వెన్న ఉన్న పాలు తీసుకుని, కాచి, పూర్తిగా చల్లార్చి, మీగడ తీసి, వడగట్టి ఫ్రిజ్‌లో పెట్టండి. కాచకుండా వాడగలిగే టెట్రా ప్యాక్ పాలైతే ఇంకా తేలిక, అక్కడి షాపుల్లో ఎక్కువగా వాడేదీ అలాంటివే. 1.1 లీటర్లు కావాలి.

ఐసు గ్లాసుకి 100 గ్రాములు, కరుగు పోగా రెండు కిలోలు ఉంచుకోండి. ఫ్రిజ్ ట్రేలు చాలవు. ముందు రోజే తాగే నీళ్లు స్టీలు గిన్నెల్లో గడ్డకట్టించి గుడ్డలో చుట్టి పగలగొట్టుకోండి. హార్బర్ వైపు దొరికే దిమ్మ ఐసు చేపల కోసం చేసినది, దాన్ని గ్లాసులోకి రానివ్వొద్దు.

గ్లాసు నింపే వరస

300 మి.లీ. పట్టే గాజు గ్లాసు. అడుగున 25 మి.లీ. పాకం. గ్లాసు వంచి తిప్పితే పాకం గోడలకి చారలు చారలుగా అంటుకుంటుంది. ఐసు గ్లాసు నిండా వెయ్యండి. పాలు 120 మి.లీ. ఐసు ముక్కల మీదుగా మెల్లగా. చివర 45 మి.లీ. డికాషన్, చెంచా బోర్లించి దాని వీపు మీద నుంచి సన్నగా. పాకం బరువు కాబట్టి కింద ఉంటుంది, డికాషన్ తేలిక కాబట్టి పాల మీద నిలుస్తుంది, మధ్యలో తెల్ల గీత. ఒక ఫొటో తీసుకోనివ్వండి. తర్వాత అడుగు దాకా కలిపి తాగమనండి. కలపకపోతే మొదట చేదు, చివర ఉత్త బెల్లం.

పాలు వద్దనేవాళ్లకి కొపి తుబ్రుక్ ఇవ్వండి. గ్లాసులో 10 గ్రాముల మెత్తటి కాఫీ పొడి, చెంచాడు పాకం, మరిగే నీళ్లు 160 మి.లీ. ఒకసారి కలిపి నాలుగు నిమిషాలు వదిలేస్తే పొడి అడుక్కి దిగుతుంది. పైది తాగి, కింది మడ్డి వదిలెయ్యాలి.

డాబా వదిలి రుషికొండకో భీమిలి రోడ్డుకో పోదామంటే లీటరు సీసా పద్ధతి పట్టండి. 2020లో దుకాణాలు మూతపడినప్పుడు ఇండొనేషియాలో ఇంటికి తెప్పించుకునే లీటరు కాఫీ బాగా పాకింది. 240 మి.లీ. డికాషన్, 620 పాలు, 130 పాకం ఒకే సీసాలో కలిపి ఫ్రిజ్‌లో చల్లబరచండి. ఐసు విడిగా థర్మాస్‌లో. నాలుగు గంటల్లో తాగెయ్యాలి. గాజు గ్లాసులు ఇసుకలోకి తీసుకెళ్లొద్దు, తెచ్చిన ప్రతి సీసా, కప్పు తిరిగి ఇంటికి రావాలి.

నెత్తళ్లతో నాసి కుచింగ్

యోగ్యకర్తా, సోలో ఊళ్లలో రాత్రిపూట ఆంగ్‌క్రింగన్ అనే తోపుడుబండ్లు వెలుస్తాయి. పసుపు దీపం, పక్కన పరిచిన చాప, బండి మీద గుట్టగా పొట్లాలు. ఆ పొట్లమే నాసి కుచింగ్, అంటే పిల్లి అన్నం. పిల్లికి పెట్టినంత అన్నం, చెంచాడు కారం. విద్యార్థులు రెండో మూడో తిని గంటల తరబడి కూర్చుంటారు. అందులో ఎక్కువగా పెట్టే ఇకాన్ తెరి అనే చేప మన నెత్తళ్ల జాతిదే, కాబట్టి విశాఖలో దీన్ని చెయ్యకపోతే తప్పు మనదే.

పన్నెండు పొట్లాలకి 350 గ్రాముల బియ్యం, 100 గ్రాముల ఎండు నెత్తళ్లు. నెత్తళ్లు ఇసుకలోనే ఎండబెడతారు కాబట్టి ముందు తలలు గిల్లేసి, మూడు నీళ్లలో గబగబా జాడించి, గుడ్డ మీద ఆరబెట్టండి. నానబెడితే మెత్తబడి వేగవు. నూనెలో కరకరలాడేదాకా వేయించి పక్కన పెట్టండి. 12 ఎండుమిర్చి వేడినీళ్లలో నానబెట్టి, 150 గ్రాముల చిన్న ఉల్లిపాయలు, 8 వెల్లుల్లి రెబ్బలు, 2 టమాటాలతో కచ్చాపచ్చాగా రుబ్బండి. ఆరు చెంచాల నూనెలో పచ్చివాసన పోయి నూనె పైకి తేలేదాకా వేయించండి. ఇక్కడ తొందరపడితే రాత్రికి కడుపులో మంట. తర్వాత చెంచాడు తాటి బెల్లం, చిన్న ఉసిరికాయంత చింతపండు రసం. ఉప్పు వెయ్యొద్దు, చేపలో ఉంది. నెత్తళ్లు పొట్లం కట్టే ముందే కలపాలి, లేకపోతే కరకర పోతుంది. చేప తిననివాళ్లకి వేయించిన పల్లీలతో అదే కారం, చేప వేయించిన నూనె మాత్రం దానికి వాడొద్దు.

అరిటాకుని పొయ్యి సెగ మీద ఒకసారి ఇటూ అటూ తిప్పండి. మసకగా ఉన్న ఆకుపచ్చ ఒక్కసారిగా నిగనిగలాడుతుంది, అప్పుడు ఎటు మడిచినా చిరగదు. జానెడు ముక్క మీద గుప్పెడు వేడన్నం, మధ్యలో చెంచాడు కారం, నాలుగు వైపులా మడిచి పైన కాగితం చుట్టండి. అరగంట ఆగాక విప్పితే ఆకు వాసన అన్నానికి పట్టి ఉంటుంది.

ఆంగ్‌క్రింగన్ అనగానే యోగ్యకర్తాలో తుగు స్టేషన్ దగ్గర దొరికే కొపి జోస్ గుర్తొస్తుంది. మండే బొగ్గు కాఫీలో వేసి ఇస్తారు. ఇంట్లో దీన్ని చెయ్యొద్దు. మనకి బజార్లో దొరికే బొగ్గు ఇటుకల్లో అంటించడానికి ఏం కలిపారో తెలియదు, గాజు గ్లాసు పగిలే ప్రమాదమూ ఉంది.

కూర్చోవడం

అక్కడ దీనికి పెట్టింది పేరు మాలమ్ మింగ్గు, శనివారం రాత్రి. ఆరింటికి రమ్మంటే ఏడుకి వస్తారు. దానికి వాళ్ల మాట జామ్ కారెత్, రబ్బరు గడియారం. మనకి కొత్తేం కాదు. అందుకే గ్లాసులు ముందే నింపి పెట్టకండి, మనిషి వచ్చాక గ్లాసు. కుర్చీలు వద్దు, చాపలు పరవండి. కింద కూర్చోవడాన్ని లెసెహన్ అంటారు, ఎవరు ఎప్పుడు లేచినా వచ్చినా వరస చెడదు. తూర్పు డాబా అయితే పౌర్ణమికి దగ్గరగా పెట్టుకోండి, సముద్రం మీంచి చంద్రుడు లేస్తుంటే వేరే దీపాలు అక్కర్లేదు.

ఖర్చు తలా ఇంత వేసుకుంటారు, పతుంగన్ అంటారు. పిలిచినవాళ్లే అంతా భరిస్తే రెండో వారం ఎవరూ పిలవరు, కాబట్టి మొహమాటపడకుండా సరుకుల లెక్క ముందే చెప్పెయ్యండి. కుదరనివాళ్లు అరటిపళ్లో మురీ మిక్చరో తెచ్చినా సరే. పెద్దవాళ్లని పేరు పెట్టి పిలవరు. జావాలో మాస్, మ్బాక్, జకార్తాలో బాంగ్, కాక్. మన అన్నా, అక్కా.

మాటల్ని కుదించడం ఆ కుర్రకారుకి మహా ఇష్టం. ఒళ్లు కదలబుద్ధి కాకపోతే 'మాలస్ గెరాక్' రెండు ముక్కలూ కలిపి మాగెర్. కలిసి గేమ్ ఆడితే మాబార్. పద అనే 'యుక్'ని తిరగేసి కుయ్. మెనూలో 'ఇంటర్నెట్' అని కనిపిస్తే అది ఇండోమీ నూడిల్స్, గుడ్డు, డబ్బా మాంసం, మూడు పేర్ల ముక్కలు కలిపి కట్టిన పేరు. 2022లో జకార్తా నడిబొడ్డున దుకు ఆతస్ జీబ్రా క్రాసింగ్ మీద ఫ్యాషన్ షోలు నడిపిన శివారు పిల్లలు, ఆఫీసుల ప్రాంతం పేరైన ఎస్సీబీడీకి (సుదిర్మాన్ సెంట్రల్ బిజినెస్ డిస్ట్రిక్ట్) అక్కడి సుదిర్మాన్ రోడ్డు పేరు పక్కన తమ ఊళ్ల పేర్లు చేర్చి కొత్త అర్థం చెప్పారు: సుదిర్మాన్, చితాయమ్, బొజొంగ్‌గెదె, దెపోక్. అలాంటి మాటలు ఆరుగురూ కలిసి మన పేటల పేర్లతో కట్టి చూడండి, గంట ఇట్టే గడుస్తుంది.

గిటార్ ఉంటే తెండి. కార్యక్రమం, పోటీ, కేకు కొయ్యడం పెట్టకండి. ఎవరూ మాట్లాడని పావుగంట వస్తే రానివ్వండి, అది చెడిన సాయంత్రం కాదు.

లేచేటప్పుడు ఫిల్టర్‌లో పొడి ఆరకముందే కొట్టి కడగండి, లేకపోతే రాత్రికి రాయవుతుంది. మిగిలిన పొట్లాలు బుంగ్‌కుస్, అంటే కట్టించుకెళ్లడం. వెళ్లేవాళ్ల చేతిలో పెట్టి ఆ రాత్రే తినమనండి. విశాఖ ఉక్కలో ఆకులో చుట్టిన అన్నం తెల్లారేదాకా ఆగదు.